జియావుర్ రహ్మాన్ హీరోనా, నియంతనా? మా రూమ్‌లో రోజూ ఇదే పంచాయితీ

జగిత్యాల_పోరడు
కువైట్‌లో మా రూమ్‌లో ఇద్దరు బంగ్లాదేశ్ వాళ్లున్నారు. ఒకాయనది బోగ్రా, ఇంకొకాయనది గోపాల్‌గంజ్. మామూలుగా ఒకే కంచంలో తింటారు. జియావుర్ రహ్మాన్ పేరు వస్తే మాత్రం ఆ రాత్రి వంట బంద్. బోగ్రా ఆయన లెక్కలో దేశానికి స్వాతంత్ర్యం ప్రకటించిన మొనగాడు. గోపాల్‌గంజ్ ఆయన లెక్కలో దేశ స్థాపకుడు ముజీబ్ హంతకులను కాపాడిన దొంగ. నాకు తెలిసింది ఇంతే: ఆర్మీ మేజర్, తర్వాత ప్రెసిడెంట్, ఖలీదా జియా భర్త, ఎవరో కాల్చి చంపారు. నెట్‌లో వెతికితే ప్రతి పేజీ ఏదో ఒక పార్టీ కరపత్రంలా ఉంది. చరిత్ర చదివినవాళ్లు ఎవరైనా జెండా పక్కన పెట్టి చెప్పండి.

చదువరి_72
ఊళ్ల పేర్లలోనే సగం జవాబు ఉంది. జియా పుట్టింది బోగ్రా జిల్లా బాగ్‌బాడీలో, 1936 జనవరి 19న. ముజీబ్‌ది గోపాల్‌గంజ్ దగ్గర తుంగిపాడా. మీ వాళ్లిద్దరూ ఇంట్లో విన్నదే మాట్లాడుతున్నారు.

మిర్చిబజ్జి
ఢాకా రాజకీయాలకి జగిత్యాలవాడు పస్తు. దక్షిణాసియా సహకారం అంటే ఇదే.

చదువరి_72
నవ్వకండి, దక్షిణాసియా దేశాల కూటమి సార్క్ ఆలోచన మొదలుపెట్టింది కూడా జియానే. దాని దగ్గరికి తర్వాత వస్తా.

ముందు చిన్నప్పటి సంగతి. తండ్రి మన్సూర్ రహ్మాన్ కెమిస్టు, కోల్‌కతాలో ప్రభుత్వ ఉద్యోగం. పిల్లవాడు హేర్ స్కూల్లో చదువుకున్నాడు. దేశ విభజన రాగానే కుటుంబం కరాచీకి మారింది. అంటే పదకొండేళ్ల వయసు నుంచి పెరిగింది బెంగాల్‌కి దూరంగా, ఉర్దూ వాళ్ల మధ్య. 1953లో కాకుల్ మిలిటరీ అకాడమీలో చేరి, 1955లో సెకండ్ లెఫ్టినెంట్‌గా బయటికొచ్చాడు. ఆ రోజుల్లో పాకిస్తాన్ ఆర్మీలో బెంగాలీ ఆఫీసర్లు చాలా తక్కువ. పొట్టివాళ్లని, యుద్ధానికి పనికిరారని చిన్నచూపు. ఈ మనిషిలో కనిపించే బిగింపు, మితభాషిత్వం, ఎవరినీ దగ్గరికి రానివ్వకపోవడం అక్కడ అలవాటయ్యాయని నా అనుమానం.

మాజీ_జవాను
1965 యుద్ధంలో ఖేమ్‌కరణ్ సెక్టార్‌లో మనకి ఎదురుగా నిలబడింది ఫస్ట్ ఈస్ట్ బెంగాల్. అందులో ఒక కంపెనీకి కమాండర్ ఈ జియానే. బెంగాలీలు పోరాడలేరన్న మాట ఆ యుద్ధంతో పోయింది. ఆరేళ్లు తిరక్కుండానే అదే మనిషి మన సాయంతో పాకిస్తాన్ మీద పోరాడాడు. సైన్యంలో ఇలాంటి తలకిందులు అరుదు.

బీచ్‌రోడ్_రాజు
మా వైజాగ్ వాళ్లకి 1971 అంటే పాకిస్తాన్ సబ్‌మెరైన్ ఘాజీ. డిసెంబర్ 3 రాత్రి దాటాక హార్బర్ బయట మునిగింది. ఈస్ట్ పాకిస్తాన్ వైపు ఏం జరిగిందో మా స్కూల్లో ఒక్క పేరా కూడా చెప్పలేదు. కానివ్వండి, వింటున్నా.

ఖరగ్‌పూర్_క్వార్టర్స్
నేను పుట్టి పెరిగింది ఖరగ్‌పూర్ రైల్వే కాలనీలో. బెంగాలీ పేపర్లు చదువుతా కాబట్టి మార్చి 1971 నేను చెప్తా. గొడవంతా అక్కడే ఉంది.

జియా అప్పటికి చిట్టగాంగ్‌లో 8వ ఈస్ట్ బెంగాల్ రెజిమెంట్‌లో సెకండ్ ఇన్ కమాండ్. పైన కమాండింగ్ ఆఫీసర్ లెఫ్టినెంట్ కర్నల్ జంజువా. మార్చి 25 రాత్రి ఢాకాలో పాకిస్తాన్ సైన్యం జనం మీద విరుచుకుపడింది. అదే రాత్రి జియాకి వచ్చిన ఆర్డర్ ఏంటంటే, పోర్టుకి వెళ్లి 'స్వాత్' అనే ఓడలోంచి ఆయుధాలు దించడం పని చూడమని. అంటే సొంత జనం మీద వాడబోయే తుపాకులు దించడానికి బయల్దేరాడు. అగ్రాబాద్ దగ్గర జనం రోడ్డుకి అడ్డంగా వేసిన బారికేడ్లతో ట్రక్కు ఆగింది. అక్కడికి కెప్టెన్ ఖలీకుజ్జమాన్ వచ్చి ఢాకా కబురు చెప్పాడు. జియా వెనక్కి తిరిగాడు, బెంగాలీ సైనికులతో తిరుగుబాటు చేశాడు, జంజువాను అరెస్టు చేశాడు. జంజువా తర్వాత ప్రాణాలతో లేడు.

ఓడ దగ్గరికి ముందే చేరి ఉంటే ఏమయ్యేదో అని ఆయన్ని తిట్టేవాళ్లు అడుగుతారు. బయల్దేరినవాడు వెనక్కి తిరిగాడు కదా అని మెచ్చుకునేవాళ్లు అంటారు. నేను రెండో గుంపు. ఆ రాత్రి ఓడిపోతే కోర్ట్ మార్షల్, గోడ, తుపాకీ.

నిప్పులాంటి_నిజం
ప్రకటన సంగతి చెప్పకుండా జారుకుంటున్నారు. స్వాతంత్ర్యం ప్రకటించింది ముజీబ్. 26న చిట్టగాంగ్ రేడియోలో ఆయన పార్టీ అవామీ లీగ్ నాయకుడు హన్నాన్ చదివాడు. జియా చదివింది 27 సాయంత్రం, అదీ ముజీబ్ పేరు మీద. మైకు ముందు కూర్చున్నవాడు దేశాన్ని పుట్టించాడంటే న్యూస్ రీడర్లందరికీ విగ్రహాలు పెట్టాలి.

ఖరగ్‌పూర్_క్వార్టర్స్
జారుకోవడం కాదు, టైప్ చేస్తున్నా. చిట్టగాంగ్‌లోని కాలూర్‌ఘాట్ రేడియో ట్రాన్స్‌మిటర్‌ని నడిపింది బేలాల్ మొహమ్మద్ అనే రేడియో ఉద్యోగి, ఆయన మిత్రులు. వాళ్లే కాపలాకి సైనికులు కావాలని వెళ్లి జియాని తీసుకొచ్చారు. 27న చదివిన దానిలో ముందు తనను తాను ప్రభుత్వాధినేతగా చెప్పుకుని, తర్వాత 'మా మహానేత బంగబంధు (అంటే ముజీబ్) తరఫున' అని సరిచేసి చదివాడు. మీరు చెప్పింది నిజమే, 2009లో అక్కడి హైకోర్టు కూడా ప్రకటించింది ముజీబేనని తేల్చింది.

కానీ రేడియో విన్నవాడి వైపు నుంచి చూడండి. ముజీబ్ అరెస్టయ్యాడా, బతికున్నాడా ఎవరికీ తెలీదు. ఢాకా రేడియోలో మార్షల్ లా ఆర్డర్లు. అలాంటప్పుడు "నేను మేజర్ జియాని" అని యూనిఫామ్‌లో ఉన్న గొంతు వినిపించింది. మన వాళ్లలో సైనికులు కూడా తిరగబడ్డారన్న సంగతి జనానికి తెలిసింది అప్పుడే. 30న పాకిస్తాన్ విమానాలు వచ్చి ఆ స్టేషన్ మీద బాంబులు వేశాయంటే దాని దెబ్బ ఎక్కడ తగిలిందో వాళ్లకి తెలుసు. పైగా జియా బతికున్నంత కాలం 'నేనే మొదటి ప్రకటనకర్తను' అని ఊరేగలేదు. 1972లో తనే రాసిన వ్యాసంలో ముజీబ్ మార్చి 7 ప్రసంగం తమకి గ్రీన్ సిగ్నల్‌లా అనిపించిందని రాసుకున్నాడు. ఈ పోటీ అంతా ఇద్దరూ పోయాక రెండు కుటుంబాలు మొదలుపెట్టింది.

నిప్పులాంటి_నిజం
ఈ ఒక్క మాటకి ఒప్పుకుంటా. మిగతాది చూద్దాం.

సుభద్ర_ఎం
మగవాళ్లంతా రేడియో దగ్గరే ఆగిపోయారు. ఆయన అటు యుద్ధంలోకి వెళ్లాక ఖలీదా ఇద్దరు చిన్న పిల్లలతో ఢాకా చేరి దాక్కుంది. జూలైలో పాకిస్తాన్ సైన్యం పట్టుకుంది. డిసెంబర్ 16 దాకా కంటోన్మెంట్‌లో బందీ. ఆ తొమ్మిది నెలల లెక్క ఆయన మెడల్‌లో కనపడదు.

మాజీ_జవాను
మెడల్ అంటే బీర్ ఉత్తమ్, బతికున్నవాళ్లకి ఇచ్చే వాటిల్లో అన్నిటికన్నా పెద్దది. మొదట సెక్టార్ 1, తర్వాత జూలైలో ఆయన పేరు మొదటి అక్షరంతో 'జెడ్ ఫోర్స్' అనే బ్రిగేడ్. కమల్‌పూర్ మీద దాడిలో వాళ్లకి బాగా నష్టం జరిగింది. కొత్త దేశం వచ్చాక మాత్రం ఆర్మీ చీఫ్ పదవి షఫీవుల్లాకి ఇచ్చారు. ఇద్దరిదీ ఒకే బ్యాచ్, సీనియారిటీలో జియా ముందు. డిప్యూటీగా కూర్చోబెట్టారు. సైన్యంలో పనిచేసినవాడికి తెలుస్తుంది, ఆ మంట చల్లారదు.

బీచ్‌రోడ్_రాజు
ప్రమోషన్ రాకపోతే దేశాధ్యక్షుడైపోతారా అన్నా? మా ఆఫీసులో అయితే ఇప్పటికి ఏడెనిమిది మంది అవ్వాలి.

ఎర్రబస్సు_ప్రయాణికుడు
ఆయన పైకొచ్చిన మూడు నెలలు వరసగా చూడండి. 1975 ఆగస్టు 15న ముజీబ్‌ని, ఇంట్లో ఉన్న భార్యని, కొడుకుల్ని, కోడళ్లని చంపేశారు. పదేళ్ల రసెల్‌ని కూడా వదల్లేదు. ఆగస్టు 24న జియా ఆర్మీ చీఫ్. నవంబర్ 3న బ్రిగేడియర్ ఖాలెద్ ముషర్రఫ్ తిరుగుబాటు చేసి జియాని ఇంట్లో బంధించాడు. ఆ గందరగోళంలోనే జైల్లో ఉన్న తాజుద్దీన్ అహ్మద్ సహా నలుగురు నాయకుల్ని కాల్చేశారు. నవంబర్ 7న సిపాయిలు లేచారు. వాళ్లని లేపింది కర్నల్ అబూ తాహెర్, 1971లో అదే కమల్‌పూర్ దగ్గర కాలు పోగొట్టుకున్న వామపక్షవాది. సిపాయిలు వెళ్లి జియాని విడిపించి భుజాల మీద మోశారు. ఖాలెద్ చచ్చిపోయాడు.

ఆ తాహెర్‌ని ఏం చేశాడో తెలుసా? ఢాకా సెంట్రల్ జైలు లోపలే రహస్య విచారణ, 1976 జూలై 21న ఉరి. తనని విడిపించినవాణ్ణి, ఒంటికాలితో నిలబడ్డ మనిషిని. 2011లో హైకోర్టు ఆ విచారణ చట్టవిరుద్ధమని చెప్పింది. ఇక నాకు కాలువలు, ఫ్యాక్టరీలు చెప్పొద్దు.

చదువరి_72
తాహెర్ విషయంలో సమర్థించడానికి ఏమీ లేదు. అయితే తాహెర్ కోరుకున్నది జియా స్వేచ్ఛ కాదు, జియాని ముందు పెట్టుకుని తన విప్లవం. ఆ రోజుల్లో సిపాయిలు ఆఫీసర్లనీ వాళ్ల ఇళ్లవాళ్లనీ కాల్చారు. ఒకళ్లనొకళ్లు వాడుకుందామనుకున్నారు, ఒకడు ముందు తేరుకున్నాడు.

ఎర్రబస్సు_ప్రయాణికుడు
ముందు తేరుకున్నవాడికి ఉరితాడు చేతికొస్తుంది, రెండోవాడి మెడకొస్తుంది. మీ భాషలో దీన్ని రాజనీతి అంటారు కాబోలు.

నిప్పులాంటి_నిజం
ముజీబ్ హత్యలో జియా పాత్ర గురించి ఎవరూ మాట్లాడరేం? హంతకుడు ఫారూఖే బ్రిటిష్ టీవీ ఇంటర్వ్యూలో చెప్పాడు, మార్చిలోనే వెళ్లి జియాని కలిశామని. తాను సీనియర్‌ని కాబట్టి చేరనని, జూనియర్లు చేయాలనుకుంటే చేసుకోమని అన్నాడట.

చదువరి_72
చెప్పింది హంతకుడు, తన బరువు దించుకోవడానికి. అది నిజమే అనుకున్నా, తేలేది తెలిసి ఊరుకున్నాడని. అది చిన్న నేరమని నేననను, కానీ కుట్ర నడిపాడనడానికి ఆ ఒక్క ఇంటర్వ్యూ చాలదు. ఆయన మీద ఇంతకంటే గట్టి ఆరోపణ కాగితం మీదే ఉంది. హంతకుల మీద కేసు పెట్టకూడదన్న ఆర్డినెన్స్ తెచ్చింది ముజీబ్ తర్వాత ప్రెసిడెంటైన ముష్తాక్, 1975 సెప్టెంబర్‌లో. దానికి 1979లో ఐదో సవరణతో రాజ్యాంగ రక్షణ ఇచ్చింది జియా పార్లమెంటు. హంతకులకి విదేశాల్లో ఎంబసీ ఉద్యోగాలిచ్చిందీ ఆయన హయాంలోనే. ఆ రక్షణ రద్దవడానికి 1996 దాకా పట్టింది.

జగిత్యాల_పోరడు
అంటే గోపాల్‌గంజ్ ఆయన చెప్పేది ఉత్త తిట్టు కాదన్నమాట. మరి బోగ్రా ఆయన ఎందుకంత పడి చస్తాడు? మా నాన్న ముసలోడు ఆయన్ని పొలంలో చూశాడు అంటాడు ప్రతిసారీ.

తిరుపూర్_దారం
చూసే ఉంటాడు. నల్ల కళ్లద్దాలు పెట్టుకుని ఊళ్లమ్మట మైళ్లకు మైళ్లు నడిచేవాడు. కాలువల తవ్వకం 1976 నవంబర్‌లో జశోర్ జిల్లా ఉలాషీలో మొదలైంది. ప్రెసిడెంటే పార పట్టుకునేవాడు.

నేను గార్మెంట్స్‌లో ఉన్నాను కాబట్టి ఇంకోటి చెప్తా. ఇవాళ మా తిరుపూర్‌కి నిద్ర లేకుండా చేస్తున్న బంగ్లాదేశ్ రెడీమేడ్ పరిశ్రమకి మొదటి పెద్ద అడుగు 1979లో పడింది. దేశ్ గార్మెంట్స్ అనే కంపెనీ కొరియా వాళ్ల డేవూతో ఒప్పందం చేసుకుని వందమందికి పైగా మనుషుల్ని అక్కడికి పంపి కుట్టు నేర్పించింది. వాళ్లలో చాలామంది తర్వాత సొంత ఫ్యాక్టరీలు పెట్టారు. గల్ఫ్‌కి కూలీలని పంపడం కూడా 1976 నుంచే జోరందుకుంది. జగిత్యాల అన్నా, మీ రూమ్మేట్ మీ రూమ్‌లో ఉండటానికి కూడా ఒక రకంగా కారణం ఆయనే.

మిర్చిబజ్జి
అయితే ఆ అద్దెలో సగం జియా కట్టాలి.

సుభద్ర_ఎం
సౌదీలో అరాఫత్ మైదానంలో వేప చెట్లున్నాయి కదా, వాటి మొదటి మొక్కలు జియా కానుకగా పంపినవే అంటారు. హజ్‌కి వెళ్లొచ్చిన మా పక్కింటి ఖాలా ఆ నీడలోనే కూర్చున్నామని చెప్పింది. ఎండకి తట్టుకునే చెట్టు ఏదో తెలిసిన మనిషే అనుకున్నా.

ఎర్రబస్సు_ప్రయాణికుడు
వేప నీడ బాగుంది. 1977 అక్టోబర్ కూడా చెప్పండి మరి. జపాన్ రెడ్ ఆర్మీ ముంబై నుంచి బయల్దేరిన విమానాన్ని హైజాక్ చేసి ఢాకాలో దింపింది. పెద్దలంతా ఆ బేరంలో ఉండగా ఎయిర్‌ఫోర్స్‌లో కొందరు తిరగబడ్డారు. అణచివేత తర్వాత నామమాత్రపు విచారణలతో వందల మందిని ఉరితీశారు. చాలా కుటుంబాలకి శవాలు కూడా ఇవ్వలేదు. వాళ్ల పిల్లలు ఇప్పటికీ సమాధులెక్కడో అడుగుతున్నారు.

కాగజ్‌నగర్_కుర్రాడు
మా ఊరి దగ్గర ఈస్‌గాంలో బెంగాలీ క్యాంపులున్నాయి, తూర్పు పాకిస్తాన్ నుంచి వచ్చిన హిందూ శరణార్థులవి. స్కూల్లో నా దోస్తులు చాలామంది వాళ్లే. వాళ్ల ఇళ్లల్లో జియా అంటే రేడియో మేజర్ కాదు. రాజ్యాంగంలో లౌకికవాదం తీసేసి అల్లా మీద విశ్వాసం అని రాయించినవాడు, మత పార్టీలకి మళ్లీ తలుపు తీసినవాడు. వెనక మిగిలిపోయిన చుట్టాల గురించి వాళ్లకి టెన్షన్.

చదువరి_72
తలుపు తీయడం వరకే కాదు. ప్రధానిగా పెట్టుకున్న షా అజీజుర్ రహ్మాన్ ఎవరనుకున్నారు? 1971లో పాకిస్తాన్ తరఫున ఐక్యరాజ్య సమితికి వెళ్లి బంగ్లాదేశ్‌కి వ్యతిరేకంగా మాట్లాడిన మనిషి. బీర్ ఉత్తమ్ వేసుకున్న ప్రెసిడెంటు పక్కన ఆయన కూర్చున్నాడు. నాకు జియా అర్థం కాని చోటు ఇదే. బహుశా ఆయనకి కావలసింది అవామీ లీగ్‌లో లేనివాళ్లంతా: ఇటు చైనా అనుకూల కమ్యూనిస్టులు, అటు ముస్లిం లీగ్ పాతకాపులు. అందర్నీ కలిపి 1978 సెప్టెంబర్ 1న బీఎన్‌పీ (బంగ్లాదేశ్ నేషనలిస్ట్ పార్టీ) పెట్టాడు.

'బంగ్లాదేశీ జాతీయవాదం' కూడా అలాంటిదే. బెంగాలీ అంటే కోల్‌కతా కూడా వస్తుంది, కొండజాతి చక్మాలు బయట ఉండిపోతారు, కాబట్టి దేశం పేరుతో పిలుచుకుందాం అన్నాడు. వినడానికి బాగుంది. అదే మనిషి చిట్టగాంగ్ కొండల్లోకి మైదానపు బెంగాలీలని తీసుకెళ్లి స్థిరపరిచాడు. చక్మాలకి అందులో ఏం మిగిలింది?

నిప్పులాంటి_నిజం
ఎన్నికల సంగతి ఎవరూ ఎత్తలేదు. 1977 రెఫరెండంలో 98 శాతం పైగా 'అవును'. ఏ దేశంలో అయినా 98 శాతం జనం దేనికైనా ఒప్పుకుంటారా? మా ఇంట్లో నలుగురం, కూరకే ఒప్పుకోం.

మాజీ_జవాను
1978 ప్రెసిడెంట్ ఎన్నికలో ఎదురుగా నిలబడింది ఎవరో తెలుసా? జనరల్ ఒస్మానీ, 1971 యుద్ధంలో ఆయనకే సర్వసేనాధిపతి. పాత బాస్ మీద గెలిచాడు, 76 శాతం ఓట్లతో. అప్పటికింకా ఆర్మీ చీఫ్ కుర్చీ వదలలేదు. ఒస్మానీ కూడా సైనికుడే, రాజకీయాల్లోకి వచ్చినవాడే. కానీ 1975లో ముజీబ్ ఏకపార్టీ పాలన తెచ్చినప్పుడు ఎంపీ పదవి వదిలేసి బయటికొచ్చాడు. యూనిఫామ్ నుంచి ఖద్దరులోకి మారడంలో నాకు ఆయన మెరుగు.

బీచ్‌రోడ్_రాజు
చదువరి గారూ, సార్క్ అన్నారు, మర్చిపోయారు.

చదువరి_72
మర్చిపోలేదు, తాహెర్ దగ్గర ఆగిపోయాం. 1980లో జియా దక్షిణాసియా దేశాలన్నిటికీ ఉత్తరాలు రాశాడు. మన ఢిల్లీకి మొదట అనుమానం: చిన్న దేశాలన్నీ కలిసి మన మీదికి వస్తాయేమోనని. ఇక్కడే మనవాళ్లు వస్తారు. 1977 డిసెంబర్‌లో జియా ఢిల్లీ వచ్చినప్పుడు రాష్ట్రపతి నీలం సంజీవరెడ్డి. ఆ ముందు నెలలోనే మొరార్జీ ప్రభుత్వం బంగ్లాదేశ్‌తో ఫరక్కా దగ్గర గంగ నీళ్ల ఒప్పందం చేసుకుంది. 1980 నుంచి విదేశాంగ మంత్రి పీవీ నరసింహారావు. 1983 ఆగస్టులో ఏడు దేశాల విదేశాంగ మంత్రులు ఢిల్లీలో కూర్చుని దాన్ని అధికారికంగా మొదలుపెట్టింది ఆయన హయాంలోనే. మొదటి శిఖరాగ్రం 1985 డిసెంబర్‌లో, ఢాకాలో. అప్పటికి జియా పోయి నాలుగేళ్లు దాటింది.

జగిత్యాల_పోరడు
మరి చంపింది ఎవరు? దీని మీద మాత్రం మా వాళ్లిద్దరూ ఒకే మాట అంటారు, 'అప్పటి ఆర్మీ చీఫ్ ఎర్షాద్' అని.

ఖరగ్‌పూర్_క్వార్టర్స్
చిట్టగాంగ్‌లో బీఎన్‌పీ స్థానిక నాయకులు రెండు గ్రూపులై కొట్టుకుంటుంటే రాజీ చేయడానికి 1981 మే 29న వెళ్లాడు. సర్క్యూట్ హౌస్‌లో బస. ఆ రాత్రి గాలివాన. తెల్లవారుజామున కొందరు ఆర్మీ ఆఫీసర్లు లోపలికి దూసుకొచ్చారు. గుమ్మం దగ్గరే లెఫ్టినెంట్ కర్నల్ మోతీవుర్ రహ్మాన్ కాల్చాడంటారు. శవాన్ని తీసుకెళ్లి రాంగునియాలో కొండల దగ్గర గుట్టుగా పూడ్చిపెట్టారు. రెండు రోజులకి తవ్వి తీసి ఢాకా తెచ్చారు. జూన్ 2న మానిక్ మియా అవెన్యూలో జనాజాకి (అంత్యక్రియల నమాజుకి) లక్షల మంది వచ్చారు. ఆ జనాన్ని ఎవరూ లారీల్లో తోలలేదు. చిరిగిన బనియన్, విరిగిన సూట్‌కేస్ తప్ప ఏమీ మిగల్చలేదన్న కథ అప్పుడే పుట్టింది. పార్టీ దాన్ని బాగా వాడుకుంది. కానీ సొంతానికి డబ్బు తినలేదన్నది శత్రువులు కూడా ఎక్కువమంది ఒప్పుకుంటారు.

తిరుగుబాటు నెపం మేజర్ జనరల్ మంజూర్ మీద పడింది. ఆయన కూడా బీర్ ఉత్తమ్. భార్యాపిల్లలతో పారిపోతూ పోలీసులకి లొంగిపోయాడు. పోలీసుల చేతిలోంచి సైన్యం తీసుకెళ్లింది, అదే రాత్రి చచ్చిపోయాడు. పదమూడు మంది ఆఫీసర్లకి ఉరిశిక్షలు. వాళ్లలో చాలామంది 1971లో పోరాడినవాళ్లు. మంజూర్ నోరు ఎవరికి అడ్డం అన్నది మీ రూమ్మేట్ల ప్రశ్న. 1982 మార్చి 24న గద్దె ఎక్కింది ఎర్షాద్. 1995లో మంజూర్ హత్య కేసు పెట్టారు, ఎర్షాద్ కూడా నిందితుడు. 2019లో ఆయన పోయేదాకా తీర్పు రాలేదు.

కాగజ్‌నగర్_కుర్రాడు
సర్క్యూట్ హౌస్‌ని ఇప్పుడు జియా మ్యూజియం చేశారు కదా?

ఖరగ్‌పూర్_క్వార్టర్స్
అవును, 1993లో, ఖలీదా ప్రధానిగా ఉన్నప్పుడు. ఢాకా ఎయిర్‌పోర్టుకి కూడా ఆయన పేరే ఉండేది, 2010లో ముజీబ్ కూతురు హసీనా ప్రభుత్వం మార్చి షాజలాల్ పేరు పెట్టింది. ఒకరు పెట్టడం, ఒకరు తీయడం.

మిర్చిబజ్జి
విమానాశ్రయం పేర్ల సంగతి మనకి చెప్పనక్కర్లేదు. ముందుకెళ్దాం.

సుభద్ర_ఎం
అన్నిటికంటే నాకు వింత, ఆయన ఐదో సవరణ ఎలా పోయిందో. పాత ఢాకాలో మూన్ సినిమా అనే హాలుండేది. యుద్ధం తర్వాత దాన్ని దిక్కులేని ఆస్తి కింద ప్రభుత్వం తీసేసుకుంది. హాలు నాది, తిరిగివ్వండి అని ఓనర్ కోర్టుకెళ్లాడు. మార్షల్ లా ఆర్డర్లు అడ్డొచ్చాయి. ఆ ఆర్డర్లకి రక్షణ ఐదో సవరణ. దాంతో 2005లో హైకోర్టు ఐదో సవరణనే కొట్టేసింది. ఒక సినిమా హాలు కోసం వేసిన కేసు.

తిరుపూర్_దారం
హాలు తిరిగొచ్చిందా లేదా అది చెప్పండి ముందు.

ఎర్రబస్సు_ప్రయాణికుడు
ఎర్షాద్‌కి వేరే చర్చ తెరవండి ఎవరైనా. కూచ్ బిహార్ దిన్‌హాటాలో పుట్టినవాడు, మార్షల్ లా నడుపుతూ కవిత్వం రాసేవాడు. అక్కడికి నేను ముందే వచ్చి కూర్చుంటా.

జగిత్యాల_పోరడు
తెరుస్తా. ఈ చర్చని ఇవాళ రాత్రి రూమ్‌లో హిందీలో చదివి వినిపిస్తున్నా. తిట్లు ఏవైనా వస్తే ఎవరి పోస్టుకి వచ్చాయో పేరుతో సహా ఇక్కడ పెడతా.